ఒక్కరోజు కూర్చుంటే బయట ఆర్నెల్లు గడిచిపోయే గది: మా పాప కథలో మెషిన్ గురించి కొంచెం చెప్పండి

ఎంవీపీ_అమ్మ అడిగారు:

అందరికీ నమస్కారం అండి. మాది వైజాగ్, ఎంవీపీ కాలనీ. మా ఆయన షిప్పులో మోటార్‌మ్యాన్, ఇంజన్ రూమ్‌లో పని, ఒకసారి సైన్ ఆన్ అయ్యారంటే ఆర్నెల్లు, రిలీవర్ దొరక్కపోతే ఎనిమిది నెలలు కూడా అయిపోతుంది. మా పాప ఐదో తరగతి, స్కూల్ మ్యాగజైన్‌కి ఒక కథ రాస్తోంది, దాని గురించే ఈ ప్రశ్న.

కథ ఏంటంటే కంచరపాలెంలో తాతయ్య పాత పెంకుటిల్లు, వెనకాల కొట్టుగది, ఆ గదిలో ఒక మెషిన్ ఉంటుంది. తాతయ్య గడియారాలు రిపేరు చేసేవాడు, ఒక కుట్టుమిషన్ చక్రం, రెండు గోడ గడియారాలు, ఎక్కడిదో ఓడలోంచి తీసిన ఇత్తడి గొట్టం కలిపి ఆయనే తయారుచేశాడు. చక్రం ఎడమవైపు తిప్పితే గదిలో టైము నెమ్మదిస్తుంది, లోపల ఒక్కరోజు అయ్యేసరికి బయట నూట ఎనభై రోజులు. నాన్న ఎయిర్‌పోర్టుకి వెళ్ళిన మర్నాడు పాప టిఫిన్ బాక్స్ పట్టుకుని గదిలోకి వెళ్తుంది, తింటుంది, పడుకుంటుంది, లేచి తలుపు తీసేసరికి నాన్న ట్రాలీబ్యాగుతో గుమ్మంలో ఉంటాడు. అంతే కథ.

అయితే ఇప్పుడు అది నన్ను అడుగుతోంది, అమ్మా నేను లోపల పాట పాడితే నీకు బయట వినిపిస్తుందా, కిటికీలోంచి చూస్తే నేను నీకు ఎలా కనిపిస్తాను, నువ్వు నాకు ఎలా కనిపిస్తావు అని. నేను బీకామ్ అండి, నాకేం తెలుస్తుంది. మా తమ్ముడు "కథే కదా ఏదో ఒకటి రాసెయ్" అన్నాడు, అది ఒప్పుకోలేదు, తెలీకుండా రాస్తే అబద్ధం రాసినట్టే కదా మామయ్యా అంది. నోట్‌బుక్ చివరి పేజీలో ఆ గది కిటికీ గీసి, అందులో నా బొమ్మ రోజుకొకటి చొప్పున నూట ఎనభై గీద్దామని మొదలుపెట్టి పద్నాలుగు గీసి ఆపేసింది. ఆ పేజీ చూశాక అడక్కుండా ఉండలేకపోయాను. తెలిసినవాళ్ళు చెప్పండి ప్లీజ్, పదేళ్ళ పిల్లకి అర్థమయ్యేలా.

---

గాజువాక_ఫిజిక్స్:

అమ్మా, నేను ఇంటర్ పిల్లలకి ఫిజిక్స్ చెప్తాను, పాతికేళ్ళ నుంచి. ఇంత మంచి ప్రశ్న క్లాసులో ఒక్కరు అడిగినా ఆ రోజంతా నాకు పండగే, అందుకే కొంచెం పొడుగ్గా రాస్తున్నా, ఓపిగ్గా చదవండి.

ముందు పాపకి ఇది చెప్పండి, టైము అన్నిచోట్లా ఒకే వేగంతో నడవదు అనేది కథ కాదు, నిజమే. వేగంగా పోయేవాడి గడియారం నెమ్మదిస్తుందని 1905లో ఐన్‌స్టీన్ చెప్పాడు, 1915లో పూర్తి చేసిన సిద్ధాంతం ప్రకారం భూమికి దగ్గరగా ఉన్న గడియారం పైనున్నదానికంటే నెమ్మదిగా నడుస్తుంది. 1971లో హాఫెలే, కీటింగ్ అని ఇద్దరు సీజియం గడియారాల్ని, అంటే చాలా కచ్చితంగా నడిచే అణు గడియారాల్ని, మామూలు ప్యాసింజర్ విమానాల్లో పెట్టుకుని భూమి చుట్టూ తిరిగొచ్చారు, తూర్పుకి వెళ్ళినవి 59 నానోసెకండ్లు (నానోసెకండు అంటే సెకండులో వంద కోట్లో వంతు) వెనకబడ్డాయి, పడమరకి వెళ్ళినవి 273 నానోసెకండ్లు ముందుకెళ్ళాయి. మన ఫిషింగ్ హార్బర్ బోట్లలో జీపీఎస్ ఉంటుంది చూశారా, ఆ ఉపగ్రహాల గడియారాలు మన గడియారాల కంటే రోజుకి 38 మైక్రోసెకండ్లు (సెకండులో పది లక్షల వంతులు 38) ముందుకి పోతాయి, ఆ తేడా ముందే సరిచేసి పెడతారు, లేకపోతే ఒక్కరోజులోనే బోటు ఎక్కడుందో చెప్పడంలో పది కిలోమీటర్ల తప్పు వచ్చేస్తుంది.

ఇక మీ ఇంటి లెక్క. మీ ఆయన ఇంజన్ రూమ్‌లో అంటున్నారు కాబట్టి దాదాపు సముద్రమట్టం దగ్గరే ఉంటారు. మీది ఎన్నో ఫ్లోరో చెప్పలేదు, నాలుగోది అనుకుందాం, నేల నుంచి ఓ 12 మీటర్లు. ఆ ఎత్తు తేడా ఒక్కటే తీసుకుంటే ఆర్నెల్లలో మీ పాప గడియారం నాన్న గడియారం కంటే 20 నానోసెకండ్లు ముందుంటుంది. అంటే తాతయ్య మెషిన్ ఇప్పటికే మీ ఇంట్లో నడుస్తోంది, కాకపోతే చాలా చిన్నగా, అదీ వెనకవైపుకి, నాన్న నెమ్మదిగా ఉన్నాడు పాప తొందరగా ఉంది. ఆ 20 నానోసెకండ్లలో వెలుతురు ఆరు మీటర్లు పోతుంది, మీ హాలు ఈ చివర నుంచి ఆ చివరకి అనుకోండి.

ఇప్పుడు కిటికీ సంగతి. లోపల టైము 180 రెట్లు నెమ్మది కాబట్టి లోపల్నుంచి బయటికి వచ్చేవన్నీ 180 రెట్లు సాగిపోయి వస్తాయి. పాప పాట సెకండుకి 300 కంపనాలు అనుకుంటే బయటికి రెండు కూడా రావు, మన చెవికి కనీసం 20 ఉండాలి, కాబట్టి పాట వినిపించదు. వెలుతురూ అంతే, సాగి సాగి మన కంటికి కనిపించని పరారుణ కిరణాలైపోతుంది, బయట నిలబడ్డ మీకు కిటికీ నల్లగా ఉంటుంది, పాప కనిపించదు. ఇది రాయడానికి నాకే కష్టంగా ఉంది గాని అదే నిజం.

లోపల్నుంచి చూసే పాప పరిస్థితి ఇంకా కష్టం. బయటి వెలుతురు 180 రెట్లు కుదించుకుపోయి లోపలికి వస్తుంది, అంటే అది వెలుతురు కాదు ఎక్స్‌రే. పోనీ రాత్రి లైట్లన్నీ ఆపేద్దామా అంటే, మామూలు గోడ కూడా తన వేడిని కంటికి కనపడని కిరణాలుగా వదుల్తూ ఉంటుంది కదా, మన వైజాగ్ గోడ 300 కెల్విన్ (అంటే సుమారు 27 డిగ్రీల సెల్సియస్) అనుకుంటే లోపలున్నవాళ్ళకి అది 54,000 కెల్విన్‌లా తగుల్తుంది. సూర్యుడి పైభాగమే 5,800. కాబట్టి ఆ గదికి కిటికీ వద్దమ్మా, గోడలన్నీ అద్దంలా వేడిని వెనక్కి కొట్టేవి ఉండాలి, అది పాపకి తప్పకుండా చెప్పండి.

ఇంకొక్కటి, ఇది కథలు రాసేవాళ్ళు ఎవరూ పట్టించుకోరు గాని నాకు అన్నిటికంటే ఇష్టమైన విషయం. వస్తువులు కిందకి ఎందుకు పడతాయి అంటే, కింద టైము నెమ్మది, పైన తొందర, ఏదైనా సరే టైము నెమ్మదిగా ఉన్న వైపుకి జారుతుంది. మనం భూమ్మీద నిలబడ్డానికి కారణమే ఆ తేడా. ఆ తేడా ఎంత చిన్నదో తెలుసా, మీటరుకి కోటి కోట్లలో ఒక వంతులో మళ్ళీ వందో వంతు. అలాంటిది తొమ్మిదంగుళాల గోడకి ఇటు మామూలు టైము, అటు 180 రెట్లు నెమ్మది అంటే ఆ గోడలో లాగుడు మన బరువుకి రెండు పక్కన పదిహేడు సున్నాలు పెట్టినన్ని రెట్లు ఉంటుంది. కంచరపాలెం మొత్తం ఆ కొట్టుగదిలోకి పడిపోతుంది. లాగుడు మన మామూలు బరువుకి మించకూడదు అంటే గోడ మందం ఎంతుండాలో లెక్కేశాను, సుమారు ఐదు కాంతి సంవత్సరాలు, అంటే వెలుతురు ఐదేళ్ళు ప్రయాణించే దూరం. సూర్యుడి తర్వాత మనకి దగ్గర్లో ఉన్న నక్షత్రమే 4.2 కాంతి సంవత్సరాలు. ఆ గోడ దాటేసరికే నాన్న వచ్చి వెళ్ళిపోతాడు.

ఇదంతా చదివి పాప డీలా పడకూడదు. కథలో మెషిన్ ఉండొచ్చు, తాతయ్య ఈ లాగుడుని ఇత్తడి గొట్టంతో ఆపాడు అని ఒక్క వాక్యం రాస్తే చాలు, కాకపోతే ఆ సమస్య ఉందని తాతయ్యకి తెలిసినట్టు ఉండాలి.

---

భీమిలి_సెయిలర్:

అక్కా నేనూ షిప్పే, డెక్ సైడు, ఇప్పుడు లీవులో ఉన్నా. సార్ రాసింది రెండుసార్లు చదివాను, నాకు సగమే ఎక్కింది గాని గోడ లెక్క మాత్రం మా గుంటడికి కూడా చదివి వినిపించాను.

పాపకి నా తరపున ఒకటి చెప్పక్కా, టైము తిప్పే మెషిన్ వాళ్ళ నాన్న దగ్గర కూడా ఉంటాది. షిప్పు పడమరకి పోతుంటే పదిహేను డిగ్రీలకోసారి గడియారం గంట వెనక్కి తిప్పుతాం, తూర్పుకి పోతే గంట ముందుకి. మెస్ రూమ్ బోర్డు మీద సాయంత్రమే కాగితం అంటిస్తారు ఈ రాత్రి క్లాక్ రిటార్డ్ అని, ఆ కాగితం చూస్తే అందరి మొహాలు వెలిగిపోతాయి ఎందుకంటే ఆ రోజు ఇరవయ్యైదు గంటలు, నిద్ర గంట ఎక్కువ. అడ్వాన్స్ అని అంటిస్తే ఎవరూ మాట్లాడరు, ఇరవైమూడు గంటల రోజు, అది వరసగా నాలుగైదు రోజులు వచ్చిందంటే మనిషి తూలిపోతాడు. వాచీలు, అంటే డ్యూటీ షిఫ్టులు, నడిచే షిప్పుల్లో ఆ గంట ఒక్కడి నెత్తిన పడకుండా ఇరవై నిమిషాలు చొప్పున మూడు వాచీలకి పంచిన ఓడలో కూడా చేశాను.

ఇంకా పెద్దది డేట్ లైను, పసిఫిక్ సముద్రం మధ్యలో తారీఖు మారే గీత. జపాన్ నుంచి అమెరికా పోయేటప్పుడు ఒకే తారీఖు రెండుసార్లు వస్తాది, తిరుగు ప్రయాణంలో ఒక తారీఖు మొత్తానికే మాయం. నాకు ఒకసారి మా గుంటడి పుట్టినరోజు అలా ఎగిరిపోయింది, ముందురోజు పడుకున్నాను లేచేసరికి మర్నాడు. ఫోన్ చేసి నాన్నా నీ పుట్టినరోజు సముద్రంలో పడిపోయిందిరా అంటే వాడు "ఏ చోట పడింది, వెతకండి" అన్నాడు. నేను ఆ మాట మీద చాలాసేపు వింగ్‌లో, అదే ఓడ నడిపే గది పక్కనుండే వరండాలో, నిలబడిపోయాను అక్కా.

కథలో నాన్న షిప్పు గడియారం, తాతయ్య గది గడియారం రెండూ పెడితే బాగుంటాది అనిపించింది.

---

డాబాగార్డెన్స్_పాతకాపు:

అమ్మా, తాతయ్య గడియారాల మనిషి అన్నారు కదా, ఊళ్ళోనే అసలు సరుకు ఉంది, వాడుకోమనండి. 1840లో గోడే వెంకట జగ్గారావు గారు ఇక్కడే డాబాగార్డెన్స్‌లో సొంత ఖర్చుతో నక్షత్రశాల పెట్టారు. డాల్ఫిన్స్ నోస్ కొండ మీద జెండా కర్ర నిలబెట్టి రోజూ సరైన టైముకి జెండా దించేవారు, ఊరికి టైము తెలియడానికి. ఆయన తర్వాత అల్లుడు అంకితం వెంకట నరసింగరావు గారు నడిపించారు, 1874లో శుక్రుడు సూర్యుడికి అడ్డంగా పోవడం కూడా ఇక్కడినుంచి చూశారు. ఆ రోజుల్లో ఓడవాళ్ళకి సరైన టైము అంటే ప్రాణం, గడియారం నాలుగు సెకండ్లు తప్పితే భూమధ్యరేఖ దగ్గర ఓడ ఒక నాటికల్ మైలు పక్కన ఉన్నట్టు లెక్క వస్తుంది.

ఇంకో చిన్నది. మన దేశం టైము 82.5 డిగ్రీల రేఖని బట్టి, అది కాకినాడ దగ్గర్నుంచి పోతుంది. వైజాగ్ దానికి కాస్త తూర్పున ఉంది కాబట్టి సూర్యుడి లెక్కన మనం చేతి గడియారం కంటే ఓ మూడు నిమిషాలు ముందున్నాం. తాతయ్య ఆ మూడు నిమిషాలు దాచిపెట్టుకుని మెషిన్‌లో పోశాడని రాస్తే నేను నమ్ముతాను.

---

ఎంవీపీ_అమ్మ:

సార్, తమ్ముడూ, పెద్దాయనా, మీ అందరికీ ఎలా థాంక్స్ చెప్పాలో తెలీట్లేదు. సార్, మాది నిజంగానే నాలుగో ఫ్లోరే! పాపకి అన్నీ చదివి వినిపించాను. ఎక్స్‌రే అనగానే వెంటనే నోట్‌బుక్ తీసి కిటికీ మీద పెన్సిల్‌తో అడ్డగీతలు కొట్టేసింది. కానీ కాసేపటికి వచ్చి "అయితే నువ్వు ఆర్నెల్లూ నల్లగోడ చూస్తూ కూర్చుంటావా" అంది. నేను ఏం చెప్పలేదు, నాకు గొంతు పట్టేసింది.

రాత్రి వాళ్ళ నాన్నకి నెట్ దొరికితే కాల్ వచ్చింది, 20 నానోసెకండ్ల సంగతి చెప్పింది, ఆయన "అయితే నేను నీకంటే చిన్నవాడిని అయిపోతున్నానన్నమాట" అన్నారు, ఒకటే నవ్వు ఇద్దరూ.

---

ఓడ_ఇల్లాలు:

తల్లీ, మా వారు రిటైరై పన్నెండేళ్ళయింది, పెళ్ళయ్యాక ఇరవయ్యెనిమిదేళ్ళు నేనూ నీలాగే గడిపాను. అప్పట్లో ఉత్తరాలు, రెండు నెలలకి ఒకటి వచ్చేది, ఇప్పుడంటే వీడియో కాల్ ఉంది గాని ఎదురుచూపు అదే. అందుకని ఆ పాప కథ నాకు బాగా తగిలింది, ఒక మాట చెప్తాను కోపం తెచ్చుకోకు.

పురాణాల్లో రైవత కకుద్మి అని ఒక రాజున్నాడు. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడుగుదామని పిల్లని వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళ్ళాడు. అక్కడ పాట జరుగుతుంటే అయ్యేదాకా కాసేపు ఆగాడు. తర్వాత అడిగితే బ్రహ్మ నవ్వి, నువ్వు మనసులో అనుకున్నవాళ్ళు పోయారు వాళ్ళ మనవలూ పోయారు, కింద ఇరవైయేడు చతుర్యుగాలు గడిచాయి అన్నాడు. చిన్నప్పుడు మా మామ్మ ఈ కథ చెప్తుంటే యుగాలు అన్ని ఎలా పోయాయా అనే ఆలోచించేదాన్ని. పెళ్ళయ్యాక మాత్రం ఇంకోటి తట్టింది, ఆ రాజు ఎంత దూరం పోయినా కూతుర్ని ఇంట్లో వదిలి వెళ్ళలేదు. ఇద్దరూ ఒకే గడియారంలో ఉన్నారు.

పాప గదిలోకి ఒక్కతే వెళ్తోంది, అది నాకు బాలేదు. నువ్వు బయట, నాన్న ఓడలో, అది లోపల, ముగ్గురికి మూడు టైములు. బయటికి వచ్చేసరికి క్లాసు పిల్లలు ఆర్నెల్లు ముందుంటారు, చెల్లో తమ్ముడో ఉంటే వాళ్ళకి కొత్త మాటలొచ్చేసి ఉంటాయి. మా చిన్నాడికి మొదటి పన్ను ఊడినప్పుడు ఆయన లేరు, ఆ పన్ను ఒక సీసాలో దాచి వచ్చాక చూపించాను. దాచి చూపించడానికి ఒకరు బయట ఉండాలి కదమ్మా.

నేను చెప్పేది ఏంటంటే, ఆ చక్రం కుడివైపు తిప్పమను. లోపల టైము తొందరగా, బయట నెమ్మది. నాన్న లీవుకి వచ్చినప్పుడు అందరూ కలిసి లోపలికి వెళ్ళండి. బయట ఒక్క ఆదివారం అవుతుంది, లోపల ఆర్నెల్లు కలిసి ఉంటారు. లీవులు ఎలా కరిగిపోతాయో నాకు తెలుసు, మొదటి పదిరోజులు బ్యాంకు పనులు, చుట్టాలు, తర్వాత మెడికల్, తర్వాత ఏజెంట్ ఫోన్లు.

---

గాజువాక_ఫిజిక్స్:

అమ్మా ఓడ ఇల్లాలు గారూ, మీరు రాసింది చదివి చాలాసేపు ఏమీ రాయలేకపోయాను. ఫిజిక్స్ కూడా మీ వైపే ఉంది, కుడివైపు తిప్పిన గది చాలావరకు మంచిది.

లోపల టైము 180 రెట్లు తొందరైతే ఇందాక చెప్పినదంతా తిరగబడుతుంది. బయటి వెలుతురు సాగిపోయి కనిపించకుండా పోతుంది, మిట్టమధ్యాహ్నం కూడా లోపలవాళ్ళకి బయట కటిక చీకటి. అంటే ఎక్స్‌రే బాధ లేదు గాని చలి. బయటి గోడ వాళ్ళకి 1.7 కెల్విన్‌లా ఉంటుంది, అంటే సున్నాకి 271 డిగ్రీలు కింద. గోడలు వేడిని బయటికి వదలకుండా ఉండాలి, అప్పుడు చాలు. గోడలో తోపుడు అలాగే ఉంటుంది కాకపోతే ఇప్పుడు బయటికి తోస్తుంది, తాతయ్య గొట్టం దాన్ని చూసుకోవాలి. కరెంటు బయటినుంచి తీసుకోకండి, 50 కంపనాల కరెంటు లోపలికి వచ్చేసరికి నాలుగు సెకండ్లకి ఒక్కసారి ఊగుతుంది, ఫ్యాన్ తిరగదు. బ్యాటరీలు లోపలే ఉండాలి.

అసలు సమస్య గాలి. పదడుగుల పొడుగు, పదడుగుల వెడల్పు, పదడుగుల ఎత్తు గదిలో ముగ్గురు తలుపేసుకుంటే ఒక రోజు తిరక్కముందే గాలి చెడిపోతుంది, ఆక్సిజన్ అయిపోయి కాదు, వదిలిన కార్బన్ డయాక్సైడ్ పేరుకుని. ఆర్నెల్లు ఉండాలంటే జలాంతర్గామిలో చేసినట్టు దాన్ని పీల్చేసే మందు, ఆక్సిజన్ రెండూ కావాలి. పాపని ఆర్కే బీచ్‌లో కురుసుర లోపలికి తీసుకెళ్ళండి, 1969 నుంచి 2001 దాకా నేవీలో పనిచేసిన జలాంతర్గామి అది. ఆ ఇరుకులో అంతమంది రోజుల తరబడి ఎలా ఉన్నారో, మంచాలు ఎక్కడ, వంట ఎక్కడ, అవన్నీ చూస్తే కొట్టుగదిలో ఏమేం పెట్టాలో దానికే తెలుస్తుంది.

ఇంకో మాట కూడా దాచకుండా చెప్పాలి. లోపల ఆర్నెల్లు ఉంటే ఆర్నెల్లు పెరుగుతారు. పాప సోమవారం స్కూలుకి వెళ్ళేసరికి గౌను పొట్టైపోతుంది.

---

భీమిలి_సెయిలర్:

సార్ పొట్టైతే కొత్త గౌను కొందాం, పర్లేదు. ఇరవైనాలుగు గంటలూ పిల్లల మధ్యలో ఉండి ఆర్నెల్లు ముసలోణ్ణి అవ్వడానికి నాకు ఓకే. మిగతా నావికులు ఏమంటారో గాని నేనైతే ఆ గదికి అద్దె ఎంతైనా కడతాను.

---

ఎంవీపీ_అమ్మ:

నిన్న కురుసుర చూసొచ్చాం. లోపల ఒక మంచం కింద ఇంకో మంచం, పక్కనే పైపులు, పాప ఆ దారిలో జానలు వేసి కొలిచింది, వెనకాల జనం ఆగిపోయారు పాపం, ఎవరూ విసుక్కోలేదు. బయటికొచ్చాక బీచ్‌లో మురీ మిక్చర్ తింటూ చెప్పింది, చక్రం కుడివైపే తిప్పుతానని.

కథ మొత్తం మార్చేసింది. కిటికీ తీసేసింది, ఆ పద్నాలుగు బొమ్మలు మాత్రం చెరపలేదు, గోడకి అంటించిన ఫొటోలు అని రాసింది. తాతయ్య మూడు నిమిషాలు దాచడం పెట్టింది పెద్దాయనా. సోమవారం గౌను పొట్టవడం కూడా పెట్టింది, టీచర్ అడిగితే ఏం చెప్పాలో అక్కడ ఆగింది. ఓడ ఇల్లాలమ్మా, మీ పన్ను సీసా కూడా వాడుకుంటానంటోంది, మీరు ఒప్పుకుంటేనే.

ఇప్పుడు సామాన్ల లిస్టు రాస్తోంది. బియ్యం 25 కేజీల బస్తాలు ఎనిమిది అని నన్ను అడిగి రాసుకుంది. నాన్నకి చేప లేకపోతే ముద్ద దిగదు, ఆర్నెల్లు పచ్చి చేప ఎక్కడ ఉంటుంది, అందుకని ఎండు మెత్తళ్ళు అని రాసి కింద రెండు గీతలు కొట్టింది. మాడుగుల హల్వా రెండు కేజీలు. మూడు దుప్పట్లు, సార్ చలి అన్నారని. నాన్నకి చదివి వినిపిస్తే ఆయన అంతా విని, ఆదివారం దాకా ఎందుకు, నేను దిగిన శనివారం రాత్రే వెళ్ళిపోదాం అన్నారు.

సార్, నీళ్ళు ఒక్కటే మిగిలిపోయాయి. నలుగురం అండి, తమ్ముడు కూడా వస్తానంటున్నాడు, ఆర్నెల్లకి తాగడానికీ వంటకీ కలిపి రెండొందల లీటర్ల డ్రమ్ములు ఎన్ని పెట్టాలో చెప్తారా, పెన్సిల్ పట్టుకుని పక్కనే కూర్చుంది.